తెరిచిన నోరు: రుమ్మానా హుస్సేన్ కళ ముందు మనం

రుమ్మానా హుస్సేన్ అన్న పేరు తెలుగు పాఠకుల్లో చాలామందికి కొత్త. 1952లో బెంగుళూరులో పుట్టింది. 1999లో కేన్సర్‌తో చనిపోయింది. నలభై ఏళ్లదాకా ఆమె రంగులతో బొమ్మలు వేసిన చిత్రకారిణి. చివరి ఆరేడేళ్లలో ఆ పని పక్కనపెట్టి కుండలు పగలగొట్టింది, బొప్పాయిలు కోసింది, తన దేహాన్నే తెచ్చి జనం మధ్య నిలబెట్టింది. ఫొటోలు, వీడియో, ఇనుప సామాను, గుడ్డ, శబ్దం - దేన్నీ వదల్లేదు. ఈ రకం కళకి పెర్ఫార్మెన్స్ అనీ, ఇన్‌స్టలేషన్ అనీ పేర్లు. కళాకారులు తమ ఒంటితో, అప్పటికప్పుడు, చూసేవాళ్ల ఎదుట చేసేది మొదటిది. ఒక గదినే వస్తువులతో అమర్చి, చూసేవాళ్లని అందులోకి నడిపించేది రెండోది. పేర్లకి బెదిరిపోనక్కర్లేదు. మొహర్రం పది రోజులు ఆషుర్‌ఖానాలో అలంలు నిలబెట్టి, దట్టీలు కట్టి, ఊదు వేసి, అలావా చుట్టూ తిరిగే మనకి, హిందువులూ ముస్లింలూ కలిసి పీర్లెత్తే తెలుగు పల్లెలకి, వస్తువులతో దుఃఖాన్ని నిలబెట్టడం ఎట్లాగో ఎప్పట్నుంచో తెలుసు.

ఆమె గురించి ఈ పుస్తకంలో రాయటానికి కారణం వేరే వుంది. ముస్లిం అస్తిత్వం గురించి రాస్తున్న మేమంతా 'గొంతు' అన్న మాట చుట్టూ తిరుగుతుంటాం. మా గొంతు నొక్కేశారు, మా గొంతు వినండి, ఇక మా గొంతుతోనే మాట్లాడతాం అంటుంటాం. న్యాయమైన మాటే. తెలుగులో ముస్లింవాద కవిత్వం ఈ మాట మీదే నిలబడింది. రుమ్మానా కూడా నోరు తెరిచింది. పూర్తిగా తెరిచింది. కానీ అందులోంచి మాట రానివ్వలేదు. అడిగినవాళ్లకి జవాబు చెప్పటం ఒక పని. ఆ ప్రశ్న అడిగే హక్కు నీకెవరిచ్చారని నిలదీయటం ఇంకో పని. ఆమె ఎంచుకున్నది రెండోది. ఆ తేడా ఏమిటో తెలుసుకోవటం ఇవాళ మనకి చాలా అవసరం అని మా వాదన.

ఆమె పుట్టింది సామాన్యమైన ఇంట్లో కాదు. తండ్రి మేజర్ జనరల్ ఇనాయత్ హబీబుల్లా, ఖడక్‌వాస్లా నేషనల్ డిఫెన్స్ అకాడమీకి తొలి కమాండెంట్. తల్లి హమీదా హబీబుల్లా ఉత్తరప్రదేశ్‌లో ఎమ్మెల్యే, తర్వాత రాజ్యసభ సభ్యురాలు. ఈ హమీదా మన హైదరాబాద్‌లో పెరిగి ఉస్మానియాలో చదువుకున్న మనిషి. ఆమె తండ్రి నజీర్ యార్ జంగ్ హైదరాబాద్ హైకోర్టు న్యాయమూర్తి. రుమ్మానా అన్న వజాహత్ హబీబుల్లా ఐఏఎస్ అధికారి, 2005లో దేశానికి మొట్టమొదటి ప్రధాన సమాచార కమిషనర్ అయ్యాడు. దేశభక్తికి సర్టిఫికెట్లు అడిగేవాళ్లకి ఇంతకంటే ఏం చూపించాలి?

1992 డిసెంబర్ 6న బాబ్రీ మసీదుని కూల్చేశారు. ఆ డిసెంబర్‌లోనూ, 1993 జనవరిలోనూ బొంబాయి తగలబడింది. శ్రీకృష్ణ కమిషన్ లెక్క ప్రకారం ఆ రెండు విడతల్లో చనిపోయినవాళ్లు 900 మంది. అందులో ముస్లింలు 575 మంది, హిందువులు 275 మంది. ఆ రోజుల్లో బొంబాయిలో మనిషికి పేరు ఒక్కటే మిగిలింది. ఏం చదివావు, ఏం తింటావు, నమాజు చేస్తావా చెయ్యవా - ఇవేవీ ఎవరూ అడగలేదు. తలుపు మీది పేరు చదివితే చాలింది. ఆ నగరంలో వుంటున్న రుమ్మానాకి 'ముస్లిం' అన్న మాట అట్లా బయట్నుంచి వచ్చి మీద పడింది. మనలో చాలామందికి కూడా అది అట్లాగే వచ్చింది. ఇంట్లో మతం వున్నా లేకపోయినా, వీధి మనకొక మతం ఇచ్చింది.

1980లలో ఆమె వేసినవి నూనె రంగుల బొమ్మలు, మనుషుల ఆకారాలతో, ప్రతీకలతో నిండినవి. కూల్చివేత తర్వాత ఆ పద్ధతి ఆమెకి చాలలేదు. సఫ్దర్ హష్మీ హత్య తర్వాత 1989లో పుట్టిన సహమత్‌తో కలిసి పనిచేసింది. కాగితం మీద నీలిమందు, గేరు మట్టి, బొగ్గు వాడింది. గేరు అంటే మన ఊళ్లలో గోడల అడుగున, అరుగులకి పూసే జాజు. అదే రంగు కాషాయం వైపు కొంచెం జరిగితే జెండా అవుతుంది. ఇంటి గోడకీ, ఊరేగింపు జెండాకీ మధ్య వున్న దూరం ఆ ఏడాది ఎంత తగ్గిపోయిందో ఆ రంగు చెప్తుంది.

ఆ తర్వాత కుండలు. 'ఫ్రాగ్మెంట్స్/మల్టిపుల్స్' పేరుతో 1994లో చేసిన ప్రదర్శన నాటికి పగిలిన మట్టికుండ ఆమె కళలో ముఖ్యమైన వస్తువైపోయింది. కుండని బోర్లిస్తే గుమ్మటం. కుండ పగిలితే ఏం పగిలిందో వేరే చెప్పనక్కర్లేదు. కుండ స్త్రీ కడుపు కూడా. నీళ్లు మోసే కుండ, కుమ్మరి చేసిన కుండ, మతం లేని కుండ. కొన్నిట్లో పగిలిన పెంకుల్ని ఆమె అద్దంతో కలిపి పెట్టింది. సగం కుండ అద్దంలో కాసేపు నిండుకుండలా కనిపిస్తుంది. కొంచెం పక్కకి జరిగితే పెంకు పెంకే. ఆ అద్దంలో చూసేవాడి మొహం కూడా పడుతుంది.

ఇక్కడ లౌకికవాద మిత్రులతో ఒక మాట. 1993 నుంచి మీరూ మేమూ కలిసి చాలా సభలు పెట్టాం. గంగా జమునా తెహజీబ్ అన్నాం, భాయి భాయి అన్నాం, అంతా ఒకప్పుడు బాగుండేది అన్నాం. పగిలినదాన్ని తొందరగా అతికించెయ్యాలనే ఆత్రం ఆ మాటల్లో వుంది. ఆ ఆత్రం మంచి మనసులోంచి వచ్చిందే. కానీ అతికించే తొందరలో ఎవరు పగలగొట్టారనే ప్రశ్న మరుగున పడింది. రుమ్మానా కుండని అతికించలేదు. పెంకుల్ని పెంకులుగానే అమర్చి, వాటి ముందు మనల్ని నిలబెట్టింది. ఓదార్పు ఆమె కళలో వుంది, అయితే అది చాలా ఆలస్యంగా వస్తుంది. దాని సంగతి చివర్లో చెప్తాం.

1995లో బొంబాయి ఎన్‌సీపీఏలో ఆమె 'లివింగ్ ఆన్ ది మార్జిన్స్' అనే ప్రదర్శన చేసింది. అంచుల మీద బతకటం అని దాని అర్థం. చేతుల్లో సగానికి కోసిన బొప్పాయి. నోరు పూర్తిగా తెరిచి వుంటుంది. అట్లాగే నెమ్మదిగా నడుస్తుంది. కేక వెయ్యాల్సిన నోట్లోంచి శబ్దం రాదు. మనకిప్పుడు మిగిలినవి దాని ఫొటోలూ, వీడియో చిత్రణే. వాటిలో కూడా ఆ నోటి ముందు ఎక్కువసేపు నిలబడటం కష్టం. ఏడుస్తున్న స్త్రీని చూసి జాలిపడొచ్చు. నినాదం ఇస్తున్న స్త్రీని చూసి మెచ్చుకోవచ్చు, లేదా విసుక్కోవచ్చు. మాట రాని నోటిని ఏం చెయ్యాలి? ఏదో ఒకటి చెప్పమని మనసులో మనమే బతిమాలుకుంటాం. అప్పుడు తెలుస్తుంది, ముస్లిం స్త్రీ నోట్లోంచి మనం ముందే అనుకున్న మాట వినటానికే ఇంతసేపూ ఎదురుచూస్తున్నామని.

బొప్పాయి ఎందుకు? కోసిన బొప్పాయి లోపల ఖాళీ, ఆ ఖాళీలో నల్లటి గింజలు. అది గర్భసంచిలా వుంటుంది, గాయంలా వుంటుంది, తెరిచిన నోరులా వుంటుంది, మసీదు తోరణంలా కూడా వుంటుంది. మన ఇళ్లలో, హిందువులైనా ముస్లింలైనా, కడుపుతో వున్న ఆడదానికి బొప్పాయి పెట్టరు, కడుపు పోతుందని భయం. గర్భంలా కనిపించే పండుకే గర్భం భయపడటం మన ఆడవాళ్లకి కొత్తగా చెప్పాల్సింది కాదు. అల్లర్లలో మొదటి దెబ్బ ఎప్పుడూ ఎవరి కడుపు మీద పడుతుందో వాళ్లకి తెలుసు. ఇంకో సంగతి కూడా వుంది. ఇది ఆమె చెప్పిందని అనటం లేదు, మాకు తోచింది. బొప్పాయి ఈ దేశపు పండు కాదు. అమెరికా ఖండంలో పుట్టి, పోర్చుగీసువాళ్ల ఓడల కాలంలో ఇక్కడికొచ్చింది. ఇవాళ మన పెరట్లో అడక్కుండానే మొలుస్తుంది. దాన్ని నువ్వెక్కడ్నుంచి వచ్చావని ఎవరూ నిలదీయరు.

అదే కాలంలో మరికొందరు కూడా ఆ గాయం గురించి పనిచేశారు. అల్లర్లలో చనిపోయి రోడ్డు మీద పడివున్న మనిషి ఫొటో ఒకటి పత్రికలో వస్తే, వివాన్ సుందరం దాన్ని తీసుకుని 1993లో 'మెమోరియల్' చేశాడు. ఆ ఫొటోకి మేకులు దిగ్గొట్టాడు, ఆ అనామకుడికి ఒక సమాధి కట్టాడు. కరాచీలో పుట్టి దేశవిభజనలో ఇటు వచ్చిన నళినీ మలానీ, మంటో కథని ఆధారం చేసుకుని 1998లో 'రిమెంబరింగ్ తోబా తేక్ సింగ్' అనే వీడియో ఇన్‌స్టలేషన్ చేసింది. రెండూ గొప్ప పనులు. అయితే ఆ రెండిట్లో కళాకారులు సాక్షులు. రుమ్మానాకి సాక్షి స్థానం దొరకలేదు. బోనులో నిలబెట్టిన మనిషి కూడా ఆమే. అందుకే ఆమె దగ్గర బొమ్మకీ, బొమ్మ వేసేవాళ్లకీ మధ్య వుండే దూరం పోయింది. తన ఒళ్లు వాడటం ఆమెకి ఫ్యాషన్ కాదు. అప్పుడు వీధిలో గురి పెట్టింది ఒంటికే కాబట్టి ఆమె కళ కూడా అక్కడికే వచ్చింది.

1996లో బొంబాయి చెమోల్డ్ గ్యాలరీలో ఆమె పెట్టిన ప్రదర్శన పేరు 'హోమ్/నేషన్'. ఇల్లు, దేశం, మధ్యలో ఒక ఏటవాలు గీత. తోరణాల ఫొటోలు, తెరిచిన నోటి ఫొటోలు, బొప్పాయి - ఒకదాని పక్కన ఒకటి. మసీదు గుమ్మం, నోరు, పండు ఒకే ఆకారంలో కనపడతాయి. ఆ పేరులోని గీత గురించి ఉర్దూ, తెలుగు రెండూ ఇంట్లో మాట్లాడే మాలాంటివాళ్లం కొంచెం ఆగి ఆలోచించాలి. ఉర్దూలో 'వతన్' అనే ఒక్క మాటలో రెండూ వున్నాయి. పాతవాళ్లు మీ వతన్ ఏది అంటే నీ ఊరేదని అర్థం. దేశం అనే అర్థం బలపడింది తర్వాత. నిజాం రాజ్యంలో వతన్‌దార్ అంటే ఊళ్లో తరతరాలుగా హక్కున్నవాడు. అంటే వతన్ పునాది ఊరు, భూమి, అక్కడి హక్కు. తెలుగులో మనకి ఊరు వేరు, దేశం వేరు. ఊరి పేరు చెప్తే దేశం ఏదని అడిగే రోజులొచ్చాక ఆ గీత ఏమిటో మనకి అర్థమవుతోంది. ఇంట్లోంచి దేశంలోకి అడుగు పెట్టేచోట నిలబెట్టిన కంచె అది. కొందరు దాన్ని చూడకుండానే దాటిపోతారు. కొందర్ని అక్కడ ఆపి కాగితాలు అడుగుతారు.

మరుసటి ఏడాది, 1997లో 'ది టూంబ్ ఆఫ్ బేగం హజ్రత్ మహల్'. అవధ్ నవాబు వాజిద్ అలీ షాని ఇంగ్లీషువాళ్లు 1856లో గద్దె దించి కలకత్తా పంపేశారు. బేగం లక్నోలోనే వుండిపోయింది. 1857లో చిన్నవాడైన కొడుకు బిర్జిస్ ఖద్ర్‌ని గద్దె మీద కూర్చోబెట్టి కంపెనీ మీద యుద్ధం నడిపింది. ఓడిపోయాక నేపాల్ పోయి, 1879లో కాఠ్మాండులో చనిపోయింది. సమాధి అక్కడే. లక్నోలో విక్టోరియా పార్కుకి 1962లో ఆమె పేరు పెట్టారు. ఝాన్సీ రాణి కథ తెలిసిన మన పిల్లల్లో ఎందరికి ఈ బేగం తెలుసు? దేశం కోసం పోరాడి, దేశం బయట మట్టిలో కలిసిన ఆ స్త్రీకి, తన తండ్రివైపు ప్రాంతపు స్త్రీకి, రుమ్మానా ఒక గదిలో సమాధి కట్టింది. సగానికి కోసిన బొప్పాయిలు ఇందులోనూ వున్నాయి. పాలరాయి లేదు, విగ్రహం లేదు, గుర్రం మీద కత్తి ఎత్తిన బొమ్మ లేదు. కుళ్లిపోయే పండు వుంది. మేమూ దేశం కోసం పోరాడాం, ఇదిగో రుజువు అని చూపించుకోవటానికి చాలా అనువైన పాత్ర హజ్రత్ మహల్. మా రచనల్లో ఆ పని మేం ఎన్నోసార్లు చేశాం, చెయ్యక తప్పని పరిస్థితి కూడా వుంది. రుమ్మానా మాత్రం బేగంని రుజువుగా వాడలేదు. ఆమె కోసం దుఃఖించింది.

1998లో 'ఈజ్ ఇట్ వాట్ యూ థింక్?' చేసే నాటికి ఆమెకి కేన్సర్ వుంది, రొమ్ము తీసేశారు. ఆ ప్రదర్శనలో ఆమె నల్లటి ముసుగు వేసుకుంది, కృత్రిమ రొమ్మునీ దాచలేదు. కూర్చుని కాగితంలోంచి చదివింది. చదివినవన్నీ ఒక ముస్లిం స్త్రీ గురించిన ప్రశ్నలే. ఒక్కదానికీ జవాబు లేదు. తెరిచిన నోటికి మూడేళ్ల తర్వాత మాట వచ్చిందనుకుంటే, ఆ మాట కూడా ప్రశ్నే.

ఈ ఒక్క పనితో ఆమె ఇద్దరికి అడ్డుపడింది. బురఖా లోపలి స్త్రీ మాకు తెలుసు, ఆమెని మేమే విముక్తి చేస్తాం అనేవాళ్లు ఒకరు. మా ఆడవాళ్ల గౌరవం ఆ ముసుగులోనే వుంది అనేవాళ్లు ఇంకొకరు. ఇద్దరూ ముసుగునే చూస్తారు. లోపల జబ్బుతో, నొప్పితో, తనదైన ఆలోచనతో ఒక మనిషి వుందని ఇద్దరికీ గుర్తుండదు. మతపెద్దలు ఈ ప్రదర్శనని అశ్లీలం అనొచ్చు. లౌకికవాదులు ధైర్యం అనొచ్చు. రెండూ తొందరపాటే అవుతాయి. ముసుగు కింద ఆమె చూపించింది అందాన్నీ కాదు, అవమానాన్నీ కాదు. వైద్యుడి కత్తి వదిలిన చోటుని చూపించింది. నా ఒంటిమీద గాయాల్లో ఏది మతం చేసింది, ఏది మతద్వేషం చేసింది, ఏది జబ్బు చేసింది, మీరు విడదీసి చెప్పగలరా అని అడిగింది.

ఇంత మెచ్చుకున్నాక మా అభ్యంతరాలు కూడా చెప్పాలి. రుమ్మానా కళలోని ముస్లిం ఎవరు? అవధ్ బేగం, తోరణం, గుమ్మటం, ఉర్దూ లిపి. ఇది ఉత్తరాది అష్రాఫ్‌ల జ్ఞాపకం. బీడీలు చుట్టి వేళ్లు పసుపెక్కిన స్త్రీ ఇందులో లేదు. ఉర్దూ రాని దూదేకుల స్త్రీ, తెలుగులోనే ఏడ్చి తెలుగులోనే దువా చేసే స్త్రీ ఇందులో లేదు. ఆమెకి గుమ్మటం కూలటం ఎంత దెబ్బో, రేషన్ కార్డులో పేరు తప్పుపడటం కూడా అంతే దెబ్బ. రెండో సంగతి, ఈ పనులు చూసినవాళ్లు ఎవరు? గ్యాలరీకి పోగలిగినవాళ్లు. వీటి గురించి రాసింది ఎవరు? గీతా కపూర్ లాంటి గొప్ప విమర్శకులు రాశారు, ఇంగ్లీషులో రాశారు. మొహల్లా గురించిన కళ మొహల్లాకి రాలేదు. సహమత్ వీధుల్లో చేసిన పనితో పోలిస్తే ఈ లోటు ఇంకా కొట్టొచ్చినట్టు కనపడుతుంది.

ఈ అభ్యంతరాలు నిజమే. అయినా వీటితో ఆమెని పక్కన పెట్టెయ్యలేం. ఆమె తన వర్గాన్ని దాచి పేద ముస్లిం వేషం వెయ్యలేదు. అందరి తరఫునా మాట్లాడతానని కూడా అనలేదు. తన నోరు, తన రొమ్ము, తన ప్రాంతపు బేగం - తనకి దక్కినంతవరకే తీసుకుంది. 'మేం' అని రాసే మాలో ఎంతమంది ఆ హద్దు పాటిస్తున్నాం? ఈ వ్యాసంలోనే మేం ఎన్నిసార్లు 'మేం' అన్నాం, ఎన్నిసార్లు 'మనం' అన్నాం! ఆ మాటలోకి సయ్యద్ ఎంత వచ్చాడు, లద్దాఫ్ ఎంత వచ్చాడు, ఆడమనిషి ఎంత వచ్చింది అని ఎవరైనా అడిగితే లెక్క చెప్పాల్సిందే. బొప్పాయి కోయటానికి గ్యాలరీ అక్కర్లేదు కాబట్టి, ఆమె మొదలుపెట్టినదాన్ని మొహల్లాకి తెచ్చే పని తర్వాతివాళ్లది. అది లేదన్న నింద ఆమె ఒక్కదానికే చెందదు.

ఆమె చివరి పని 'ఎ స్పేస్ ఫర్ హీలింగ్'. మానటానికి ఒక చోటు. 1999లో ఆస్ట్రేలియాలోని బ్రిస్బేన్‌లో జరిగిన మూడో ఆసియా పసిఫిక్ ట్రైనియల్ కోసం చేసింది. ప్రదర్శన తెరుచుకునేసరికి ఆమె లేదు. ఇప్పుడది అక్కడి క్వీన్స్‌లాండ్ ఆర్ట్ గ్యాలరీ సొత్తు. సింధూరం రంగు గోడలు. వాటి మీద ఇనుప పనిముట్లు, దూరంనుంచి చూస్తే ఉర్దూ అక్షరాల వరసలా వుంటాయి. దగ్గరికి పోతే ఏ అక్షరమూ కాదు, కోసేవీ పట్టేవీ అంతే. కింద పీవీసీ గొట్టాలకి కట్టిన గుడ్డలు. జానిమాజుల్లా వుంటాయి, ఆస్పత్రి స్ట్రెచర్లలా కూడా వుంటాయి. ఆ గది మసీదా, దర్గానా, ఆస్పత్రా అంటే చెప్పలేం. మన దగ్గర దర్గాకి పోయేవాళ్లకి ఈ అయోమయం వుండదు. అక్కడ నయం కావటం, మొక్కుకోవటం, పడుకుని ఏడవటం అన్నీ ఒకే చోట జరుగుతాయి. వచ్చినవాళ్ల మతం ఎవరూ అడగరు.

గాయం మానటం, మరిచిపోవటం ఒకటేనని కొందరు చెప్తున్నారు. 2019 నవంబర్ 9న సుప్రీంకోర్టు మసీదు కూల్చటం చట్టవిరుద్ధమని చెప్పింది, ఆ స్థలాన్ని గుడికి ఇచ్చింది. 2020 సెప్టెంబర్ 30న ప్రత్యేక కోర్టు కూల్చివేత కేసులో బతికివున్న 32 మంది నిందితుల్నీ వదిలేసింది. 2024 జనవరిలో అక్కడ గుడి ప్రారంభమైంది. ఇక అయిపోయింది గదా, ఇంకా ఎందుకు పాత సంగతులు అని అడుగుతున్నారు. రుమ్మానా గదిలో పనిముట్లు గోడమీదే వున్నాయి, స్ట్రెచర్లు నేలమీదే వున్నాయి. దేనితో కోశారో చెప్పకుండా మానటం గురించి ఆమె మాట్లాడలేదు. మేం రాస్తున్నది కూడా ఆ పనిముట్ల పేర్లే. చదివేవాళ్లు ఏ మతం వాళ్లయినా, మాకు జాలి వద్దు. ఆ గదిలోకి ఒకసారి వచ్చి, గోడ వైపు తిరిగి చూడండి.